డ్రైవర్ లైసెన్సు గడువు దాటిన 19వ రోజున ప్రమాదం: పరిహారం ఓనర్ మీద పడుతుందా?

ఉప్పల్_గూడ్స్:
నమస్కారం అండీ. మా టాటా ఏస్ రామంతాపూర్‌లో ఒక బైకుకు తగిలింది, ఆయనకు కాలు విరిగింది. థర్డ్ పార్టీ పాలసీ ఉంది. డ్రైవర్ లైసెన్సు మాత్రం 19 రోజుల ముందే ముగిసింది. ప్రమాదం తర్వాత రెన్యువల్ అయింది. గాయపడిన బైకు ఆయన సిటీ సివిల్ కోర్టులో ఎం.వి.ఓ.పి. (ప్రమాద పరిహార పిటిషన్) వేశారు. చెల్లే లైసెన్సు లేదు కాబట్టి తమకు బాధ్యత లేదని ఇన్సూరెన్స్ కంపెనీ కౌంటర్ (జవాబు) వేసింది. గడువు దాటాక 30 రోజుల వెసులుబాటు ఉంటుందంటున్నారు, నిజమేనా?

క్లెయిమ్స్_వకీల్:
ఆ 30 రోజులు ఇప్పుడు లేవండీ. మోటారు వాహనాల చట్టం సెక్షన్ 14లో ఉండేవి, 2019 సవరణ తీసేసింది. 2019 సెప్టెంబర్ 1కి ముందు జరిగిన ప్రమాదాలకే ఆ వాదన పనికొస్తుంది. గడువు దాటాక ఏడాదిలోపు టెస్టు లేకుండా రెన్యువల్ చేస్తారు, నిజమే. కానీ అది రెన్యువల్ తేదీ నుంచే అమల్లోకి వస్తుంది, మధ్యలో ఖాళీ ఖాళీగానే ఉంటుంది. 2025లో తెలంగాణ పోలీసు డ్రైవర్ల నియామకం కేసులో సుప్రీంకోర్టు కూడా ఇదే చెప్పింది.

అంతమాత్రాన కంపెనీ తప్పించుకోలేదు. సుప్రీంకోర్టు స్వరణ్ సింగ్ తీర్పు (2004) ప్రకారం లైసెన్సు లేదని చూపితే సరిపోదు, ఓనర్ తగిన జాగ్రత్త తీసుకోలేదని కూడా కంపెనీయే రుజువు చేయాలి. రుజువు చేసినా, గాయపడినవారికి ముందు కంపెనీతో కట్టించి, తర్వాత ఓనర్ దగ్గర రాబట్టుకోమనడమే మామూలు. దాన్నే పే అండ్ రికవరీ అంటారు. ఇందుకు కంపెనీ వేరే దావా వేయనక్కర్లేదు, ఈ కేసు విన్న ట్రిబ్యునల్‌లోనే ఈపీ (తీర్పు అమలు పిటిషన్) వేసి బండిని అటాచ్ (జప్తు) చేయించగలదు.

ఓనర్లు దెబ్బతినేది ఇక్కడే. "కంపెనీ వకీలు చూసుకుంటాడులే" అని కోర్టుకు వెళ్లరు, ఎక్స్‌పార్టీ అవుతారు, అంటే వాళ్లు లేకుండానే కేసు తేలిపోతుంది. ఈ ఒక్క విషయంలో కంపెనీ వకీలు మీకు ఎదురుపక్షం. విడిగా వకాలత్ వేయించి, సొంత కౌంటర్ దాఖలు చేసి, మీరే సాక్ష్యం చెప్పండి. పనిలో పెట్టుకున్నప్పుడు తీసుకున్న లైసెన్సు కాపీ, నడిపించి చూశారన్న సంగతి, రెన్యువల్ గురించి పంపిన వాట్సాప్ మెసేజీలు, అన్నీ సాక్ష్యంగా మార్క్ చేయించండి. బేలీ రామ్ కేసులో (2020) లైసెన్సు ముగిసి దాదాపు 3 ఏళ్లయినా ఓనర్ పట్టించుకోలేదు, భారం ఆయన మీదే పడింది. 19 రోజులకు దాన్ని వర్తింపజేయడం కంపెనీకి అంత తేలిక కాదు.

ఆర్టీఏ_పనులు:
అన్నా, ముందు కార్డు మీద ముగిసిన తేదీ ఏదో చూడు. ట్రాన్స్‌పోర్టుకు ఒకటి, నాన్ ట్రాన్స్‌పోర్టుకు ఒకటి, రెండుంటాయి. ట్రాన్స్‌పోర్టుది 5 ఏళ్లకే అయిపోతుంది, రెండోది చాలాసార్లు ఇంకా నడుస్తూనే ఉంటుంది.

ఉప్పల్_గూడ్స్:
ఇప్పుడే చూశాను అన్నా. ట్రాన్స్‌పోర్టుదే ముగిసింది. ఎల్ఎంవీ (తేలికపాటి వాహనం) నాన్ ట్రాన్స్‌పోర్టు 2031 దాకా ఉంది.

క్లెయిమ్స్_వకీల్:
అయితే కేసు స్వరూపమే మారిపోయింది. 2024 నవంబర్ 6న రంభా దేవి కేసులో సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది: మొత్తం బరువు 7,500 కిలోలు దాటని రవాణా వాహనం నడపడానికి ఎల్ఎంవీ లైసెన్సు చాలు, విడిగా ట్రాన్స్‌పోర్టు అనుమతి అక్కర్లేదు. ప్రమాదకర సరుకులు మోసే బండ్లకు ఇది వర్తించదు. టాటా ఏస్ ఆ బరువుకు చాలా కింద ఉంటుంది. ఆర్‌సీ కాపీ దాఖలు చేసి అందులోని జీవీడబ్ల్యూ (సరుకుతో కలిపి మొత్తం బరువు) అంకెను మార్క్ చేయించండి. ఆర్టీఏ నుంచి లైసెన్సు ఎక్స్‌ట్రాక్ట్ తీసుకుని రెండు తేదీలూ కనిపించేలా పెట్టండి. కంపెనీ పిలిపించిన ఆర్టీఏ ఉద్యోగి ఒక తేదీయే చెప్పి దిగిపోతే, క్రాస్ ఎగ్జామినేషన్‌లో రెండోది చెప్పించాలి. అది రికార్డులోకి రాకపోతే అప్పీల్లో ఇబ్బంది. అప్పీలు అవసరమైతే తీర్పు వచ్చిన 90 రోజుల్లో హైకోర్టుకు వెళ్లాలి, 25,000 రూపాయలు లేదా కట్టాల్సిన మొత్తంలో సగం, ఏది తక్కువైతే అది డిపాజిట్ చేయాలి.

మలక్‌పేట_రైడర్:
బైకు ఆయనకే లైసెన్సు లేకపోతే పరిహారం కోస్తారా సార్?

క్లెయిమ్స్_వకీల్:
ఆ ఒక్క కారణంతో కోయరండీ. సుధీర్ కుమార్ రాణా కేసులో (2008) సుప్రీంకోర్టు చెప్పింది: లైసెన్సు లేకపోవడం ఒక్కటే ప్రమాదంలో ఆయన నిర్లక్ష్యాన్ని రుజువు చేయదు, బండి ఎలా నడిపాడో చూడాలి. ఆయన సొంత పాలసీలోని 15 లక్షల ఓనర్ డ్రైవర్ ప్రమాద కవర్ మాత్రం వేరు, దానికి ప్రమాదం రోజున చెల్లే లైసెన్సు ఉండాల్సిందే.

ఆర్టీఏ_పనులు:
మిగతా డ్రైవర్ల తేదీలూ చూసుకో అన్నా. గడువుకు ఏడాది ముందు నుంచే రెన్యువల్‌కు పెట్టుకోవచ్చు. ఫారం 2, ట్రాన్స్‌పోర్టుకైతే డాక్టర్ సంతకంతో ఫారం 1ఏ కావాలి. గడువు దాటి ఏడాది గడిస్తే మళ్లీ టెస్టే, నాగోల్ ట్రాకో కొండాపూరో ఎక్కాలి.