ఈపీలో (డిక్రీ అమలు పిటిషన్‌లో) జప్తు ఎత్తేశారు: జిల్లా కోర్టులో అప్పీలా, హైకోర్టులో రివిజనా?

మాది నల్గొండ జిల్లా. ప్రామిసరీ నోటు దావాలో జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో నాకు డిక్రీ (డబ్బు కట్టాలన్న కోర్టు తీర్పు పత్రం) వచ్చింది, ఖర్చులతో కలిపి 4,12,000 రూపాయలు. అవతలాయన పైసా కట్టలేదు. ఈపీ వేసి అతని 150 గజాల ప్లాటు జప్తు చేయించాను. సరిగ్గా అప్పుడు అతని బావమరిది దిగాడు (ఎక్కడి నుంచి వస్తారో!). జప్తుకు ముందే ఆ ప్లాటు తాను కొన్నానని సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 21 రూల్ 58 కింద క్లెయిమ్ పిటిషన్ వేశాడు. ఇద్దరి సాక్ష్యాలు తీసుకున్నాకే కోర్టు దాన్ని ఒప్పుకొని జప్తు ఎత్తేసింది.

ఆర్డరు జూన్ 3న వచ్చింది. నకలుకు 5న అప్లికేషన్ పెడితే 19న చేతికొచ్చింది. ఆ రోజులు తీసేస్తే 30 రోజుల అప్పీలు గడువు జులై 18తో అయిపోతుందని నా లెక్క. ఈరోజు జులై 10.

రూల్ 58(4) ప్రకారం ఈ ఆర్డరు డిక్రీతో సమానం, అప్పీలే వేయాలన్నారు మా వకీలు. జిల్లా కోర్టులో వేశాం. డిక్రీ కాపీ జతచేయలేదని కాగితాలు వాపస్ ఇచ్చారు. కింది కోర్టులో అడిగితే ఈఏలో (ఈపీలో వేసే ఇలాంటి అప్లికేషన్‌లో) విడిగా డిక్రీ గీయం అంటున్నారు. ఇంకో సీనియర్ వకీలు మాత్రం ఈపీ ఆర్డర్లన్నింటికీ హైకోర్టులో రివిజనే, 90 రోజులుంది, టెన్షన్ వద్దన్నారు. అది సెక్షన్ 47 (డిక్రీ అమలుపై దావా పార్టీల మధ్య వివాదాలు) ఆర్డర్ల మాటేమో అని నా అనుమానం. దాన్ని నమ్మి కూర్చుంటే అప్పీలు గడువు పోతుంది.

రూల్ 58 ఆర్డరు మీద విడిగా డిక్రీ కాపీ లేకుండానే జిల్లా కోర్టులో అప్పీలు నంబరైన (కోర్టు ఫైల్‌పైకి తీసుకున్న) వాళ్లు ఉంటే, ఆ ఆబ్జెక్షన్‌కు ఏమని జవాబు రాశారు?