అప్‌డేట్: పాప పాస్‌పోర్ట్ వచ్చేసిందండీ

పాప పాస్‌పోర్ట్‌కి వాళ్ళ నాన్న సంతకమో, కోర్టు కస్టడీ ఆర్డరో తెమ్మంటున్నారని, ఏం చేయాలని మొన్న వేసవిలో ఇక్కడే అడిగాను. ఆయన ఆరేళ్ళుగా ఎక్కడున్నాడో తెలియదు. అనెక్షర్ సి (రెండో పేరెంట్ సంతకం దొరకనప్పుడు ఒక్కరే ఇచ్చే డిక్లరేషన్) రాసిచ్చినా కౌంటర్లో ఆ కాగితాన్ని బోర్లా పెట్టి "ఇది చాలదమ్మా" అన్నారు.

చాలదన్న ఆ మాటే రాతపూర్వకంగా ఇవ్వమన్నాను. ఇదే పని చేసింది! ఆ ఒక్క లెటర్‌తోనే హైకోర్టులో ఆర్టికల్ 226 కింద రిట్ (అధికారులకు ఆదేశాలివ్వమని కోరే పిటిషన్) వేశాం. తండ్రి పేరు కోసం పట్టుబట్టొద్దని 2016 మేలో ఢిల్లీ హైకోర్టు అన్నదీ, తల్లీతండ్రుల్లో ఒకరి పేరు చాలని అదే ఏడాది డిసెంబర్లో విదేశాంగ శాఖ మార్చిన రూలూ మా లాయర్ గారు చూపించారు. ఢిల్లీ తీర్పుకి మన హైకోర్టు కట్టుబడక్కర్లేదట, కానీ వింటారు.

వాదన పది నిమిషాలు కూడా పట్టలేదు. జడ్జి గారు "పాస్‌పోర్ట్ ఇవ్వండి" అనలేదు, నాలుగు వారాల్లో చట్టప్రకారం తేల్చమన్నారంతే. మూడో వారంలో పోలీస్ వెరిఫికేషన్ కూడా లేకుండా స్పీడ్ పోస్ట్‌లో వచ్చింది.

లాయర్ ఫీజు ఎంతయిందని అడక్కండి, పాస్‌పోర్ట్ ఫీజు కంటే చాలా చాలా ఎక్కువ. పాస్‌పోర్ట్‌లో తండ్రి పేరు గడి ఖాళీ. పాప మాత్రం ఫోటోలో జడ కనిపించలేదని అలిగింది.