బీడీ కార్మికుల డాక్యుమెంటరీ: మనిషిని దాచి, కూలి లెక్క చూపించేదెలా?

కొత్తకెమెరా: నిజామాబాద్ జిల్లాలో ఇళ్ల దగ్గర బీడీలు చుట్టే ఆడవాళ్ల కూలి మీద 40 నిమిషాల డాక్యుమెంటరీ మొదలుపెట్టాం. నోరు విప్పితే టేకేదారు (ఆకు ఇచ్చి, చుట్టిన బీడీలు తీసుకునే కాంట్రాక్టరు) ఆకు ఆపేస్తాడని వాళ్ల భయం. మొహాలు బ్లర్ చేస్తే చాలా? కూలి తక్కువ పడుతోందని తెర మీద రుజువు చేసేదెలా?

చేతికెమెరా: బ్లర్ చాలదండీ. ఊళ్లోవాళ్లు గొంతును బట్టి, గాజులను బట్టి, గోడ మీది క్యాలెండర్‌ను బట్టి మనిషిని పోల్చేస్తారు. తర్వాత దాచుకోవచ్చులే అని మొహం అసలు రికార్డు చేయకండి, హార్డ్ డిస్క్ ఎవరి చేతిలోనైనా పడొచ్చు. మొదటి నుంచే ఫ్రేమ్ చాట మీద, చేతుల మీద పెట్టండి. తడిపిన తునికాకును రేకు కొలతకు కత్తిరించడం, తంబాకు పోసి చుట్టడం, మూతి మడిచి దారం కట్టడం, ఇవన్నీ దగ్గరగా తీస్తే పని ఎంత కష్టమో తెలుస్తుంది. మాటలు రాసుకుని వేరే గొంతుతో చదివించండి, ఆ సంగతి తెర మీద వేయండి. అంగీకార పత్రం తెలుగులో చదివి వినిపించాలి. ఎడిటింగ్ ముగిసేదాకా వద్దనుకునే హక్కు ఉందని అందులో రాయాలి.

కాటా_లెక్క: చాలామంది వెయ్యి బీడీలకు ఎంతిస్తారని అడిగి వదిలేస్తారు. రేటు కాగితం మీద సరిగ్గానే ఉండొచ్చు, కోత పడేది ఆకులో. తూకం తగ్గినా, చిరిగిన ఆకు ఎక్కువొచ్చినా అప్పజెప్పాల్సింది మాత్రం వెయ్యి బీడీలే. లోటు ఆకు ఆమె సొంత డబ్బుతో కొనుక్కోవాలి. రెండో కోత, కార్ఖానాలో బాగోలేవని పక్కన పడేసే బీడీలు.

అందుకే ఇచ్చిన ఆకును ఇంటికి రాగానే తూచండి. ఆకు, కాటా అంకె ఒకే షాట్‌లో ఉండాలి, మధ్యలో కట్ ఉండకూడదు. అంతకుముందే కిలో తూకంరాయి పెట్టి కాటాను సరిచూడండి, అదీ తీయండి. అప్పజెప్పే ముందు కట్టలు లెక్కపెట్టండి: 25 బీడీల కట్టలైతే వెయ్యికి 40. తిరిగొచ్చాక పాస్‌బుక్‌లో (ఇచ్చిన ఆకు, తీసుకున్న బీడీలు రాసే పుస్తకం) ఎంత రాశారో తీయండి, నంబరు మీద వేలు పెట్టి. ఇలా పది ఇళ్లలో, కనీసం రెండు వారాలు. ఒక్కరోజు లెక్క చూపిస్తే ఆ రోజేదో పొరపాటు జరిగిందంటారు. ఇంకో సంగతి, కూలిలో ధరల పెరుగుదలకు కలిపే కరువు భత్యం ఏప్రిల్ 1న, అక్టోబర్ 1న మారుతుంది. షూటింగ్ నాటికి అమల్లో ఉన్న రేటుతోనే పోల్చండి. అది ఒక్కటి తప్పినా మిగతా లెక్కనూ ఎవరూ నమ్మరు.

బూమ్: రాసుకోవడానికి మాటలు రికార్డు చేసేటప్పుడు కాలర్ మైక్ వద్దు, కొంగు రాపిడి పడుతుంది. బూమ్‌ను (పొడవాటి కర్రకు బిగించిన మైకు) పైనుంచి, నోటికి అర మీటరు దూరంలో పట్టండి. ఫ్యాన్ ఆపించండి. ఎవరూ మాట్లాడకుండా గది చప్పుడు ఒక నిమిషం విడిగా తీసుకోండి. చుడుతూ మాట్లాడితే గాజుల చప్పుడుకు సగం మాటలు పోతాయి, పని ఆపించండి. ఆ గంటలో ఆమె చుట్టే బీడీల కూలి ఇచ్చేయాలి.

కాటా_లెక్క: డబ్బిచ్చి చెప్పించారని అవతలివాళ్లు అంటారు బూమ్ గారూ. ఇవ్వాల్సిందే, కాదనను. కానీ ఆమె ఏం చెప్పినా మొత్తం ఒకటేనని ముందే కాగితం మీద రాసుకుని, అందరికీ ఒకే రేటు ఇవ్వాలి.

చేతికెమెరా: యజమానికి ప్రశ్నలు రిజిస్టర్డ్ పోస్టులో పంపి, జవాబుకు 15 రోజులు గడువివ్వండి. ఆ ఉత్తరంలో ఊరి పేరు, తూచిన తేదీలు రాయొద్దు, వాటితో ఇల్లు దొరికిపోతుంది. బహిరంగ ప్రదర్శనకు సెన్సార్ సర్టిఫికెట్ కావాలి. దానికి ఇచ్చే ముందే ఆ ఆడవాళ్లకు మొత్తం వేసి చూపించండి. మనం గమనించని గోడో గిన్నో వాళ్ల కంట్లోనే పడుతుంది.