ఫిర్యాది వాయిదాకు రాలేదని చెక్కు కేసు కొట్టేశారు: అప్పీలు ఎక్కడ వేసుకోవాలి?

ఉద్దానం జీడిరైతు:
పెద్దలకు నమస్కారం. మాది శ్రీకాకుళం జిల్లాలో పలాస దగ్గర పల్లె. మా జీడిపిక్కలు కొన్న ఒక వ్యాపారి బాకీ కింద ఇచ్చిన 4,20,000 రూపాయల చెక్కు బౌన్స్ కాగా, నోటీసు ఇచ్చినా చెల్లించనందున 2022లో నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 138 సెక్షన్ కింద కేసు వేశాను. నా సాక్ష్యం, క్రాస్ ఎగ్జామినేషన్ రెండూ పూర్తయి, కేసు ముద్దాయి తరఫు సాక్ష్యానికి వచ్చింది. 18 రోజుల కిందట, సరిగ్గా వాయిదా నాడే, డయాలసిస్ మీద ఉన్న మా అమ్మకు ప్రాణం మీదికి రావడంతో అంబులెన్సులో విశాఖపట్నం తీసుకువెళ్లాను. మా లాయరు గారు ఆ పూట వేరే కోర్టులో ఉన్నందువల్ల నా తరఫున గైర్హాజరు పిటిషన్ కూడా పడలేదు. ఫిర్యాది రాలేదన్న ఒక్క కారణంతో ముద్దాయిని నిర్దోషిగా విడుదల చేశారు. అదే కోర్టులో కేసు తిరిగి తెరిపించవచ్చని కొందరు, కొత్తగా కేసు వేయమని కొందరు అంటున్నారు. ఏది సరైన దారో దయచేసి చెప్పగలరు.

టెక్కలి న్యాయవాది:
ఆ రెండు దారులూ మూసుకున్నవే. మేజిస్ట్రేటుకు తాను ఇచ్చిన తుది ఉత్తర్వును తానే రద్దు చేసే అధికారం లేదు; విడుదలైన ముద్దాయిపై అదే నేరానికి మళ్లీ కేసు నడవదు. మీ కేసు పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ కాలంలో మొదలైంది కాబట్టి 256 సెక్షన్ కింద విడుదల చేసి ఉంటారు. అయితే ఆ సెక్షన్ ఫిర్యాది కనబడకపోతే కేసు కొట్టివేసి తీరాలని చెప్పదు. వాయిదా వేయడం సబబు అనిపించినా, ఆ రోజు ఫిర్యాది స్వయంగా ఉండవలసిన అవసరం లేకపోయినా, విడుదల చేయకూడదని సుప్రీంకోర్టు 1997లో అసోసియేటెడ్ సిమెంట్ కంపెనీ కేసులో స్పష్టం చేసింది. మీ సాక్ష్యం ముగిసిపోయింది, ఆ రోజు జరగవలసినది ముద్దాయి సాక్ష్యం. మీ అప్పీలుకు ప్రాణం ఇదే. అదే కోడ్ 378(4) సెక్షన్ కింద ప్రత్యేక అనుమతి కోరుతూ అమరావతిలోని హైకోర్టుకు వెళ్లవచ్చు; ఉత్తర్వు తేదీ నుంచి 60 రోజుల గడువు.

విజయనగరం నుంచి, విశ్రాంత కోర్టు ఉద్యోగి:
ముందు ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీకి రేపే దరఖాస్తు పెట్టండి. కాపీ తయారీకి పట్టిన రోజులు గడువు లెక్కలోకి రావు గానీ, దరఖాస్తే ఆలస్యమైతే ఆ రోజులు మీ ఖాతాలోకే వస్తాయి. కేసు మొదటి నుంచి ప్రతి వాయిదాలో ఏం జరిగిందో తెలిపే డాకెట్ నకలు కూడా తీసుకోండి. మీరు ఇన్నేళ్లూ క్రమం తప్పక హాజరయ్యారని అదే చెబుతుంది. అమ్మగారిని చేర్చుకున్న తేదీ, సమయం ఉన్న ఆసుపత్రి కాగితాలను, అంబులెన్సు రసీదును అఫిడవిట్‌కు జతపరచండి.

శ్రీకాకుళం జూనియర్ న్యాయవాది:
ఒక ముఖ్యమైన మార్పు చెప్పాలి. 2025 ఏప్రిల్‌లో సెలెస్టియం ఫైనాన్షియల్ కేసులో, చెక్కు కేసు ఫిర్యాది కూడా బాధితుడేనని, అదే కోడ్ 372 సెక్షన్ నిబంధన కింద ప్రత్యేక అనుమతి లేకుండానే అప్పీలు చేసుకోవచ్చని సుప్రీంకోర్టు చెప్పింది. ఆ దారిలో వెళితే అప్పీలు శ్రీకాకుళం సెషన్స్ కోర్టులోనే పడుతుంది. అమ్మగారిని వదిలి అమరావతి తిరగనక్కరలేదు.

టెక్కలి న్యాయవాది:
నిజమే, మీ పరిస్థితికి అదే మేలు. కానీ ఏ కోర్టుకు వెళ్లినా ఆ 60 రోజుల లోపే వెళ్లండి.

ఉద్దానం జీడిరైతు:
అందరికీ కృతజ్ఞతలు. కాపీ దరఖాస్తు ఈ ఉదయమే ఇచ్చాను. అమ్మను ఇంటికి తీసుకువచ్చాం. వారానికి మూడు రోజులు డయాలసిస్ ఉంటుంది కనుక, ఆ రోజుల్లో వాయిదా పడితే హాజరు మినహాయింపు పిటిషన్ ముందుగానే వేయమని లాయరు గారితో రాతపూర్వకంగా చెప్పాను.