ఉగాది ఆటల గది: గేములు ముందే దించి (డౌన్‌లోడ్ చేసి) పెట్టుకునే పని (ఒడిశాలోని రాయగడ వాలంటీర్ల చర్చ)

రాయగడ – ఆటల గది
అందరికీ నమస్కారం. ఉగాది సంబరాల్లో పిల్లల ఆటల గదికి ఇప్పటికి ఖాయమైన కన్సోల్‌లు (గేములు ఆడే మెషిన్లు) ఇవి. ప్లేస్టేషన్ 5 రెండు, ఒకటి రాయగడది, ఒకటి గుణుపురానిది. జయపురం నుంచి ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్ మూడు, సిరీస్ ఎక్స్ ఒకటి. పర్లాకిమిడి నుంచి నింటెండో స్విచ్‌లు మూడు. కల్యాణ మండపంలో ఉన్నది 40 ఎంబీపీఎస్ నెట్. అదీ ఆఫీసు గదిలో, మన గదికి గోడ అవతల.

అక్కడికి వెళ్లాక దించుకుందాం అనే ఆలోచన ఎవరికైనా ఉంటే ఇప్పుడే మానుకోవాలి. 40 ఎంబీపీఎస్ అంటే సెకనుకు 5 మెగాబైట్లు. 100 జీబీ గేము ఒక్కటి దిగడానికి ఐదున్నర గంటలు పడుతుంది. స్విచ్‌లు పక్కన పెట్టినా, మిగతా ఆరు మెషిన్లు ఒకేసారి లాగితే ఒక్కోదానికి 33 గంటలు. పిల్లలు పచ్చడి తిని వచ్చి ఎంత దిగిందో చూపించే గీత కేసి చూస్తూ కూర్చోవాలి.

కాబట్టి ఒక గేము నెట్ నుంచి ఒక్కసారే దిగాలి. మిగతా మెషిన్లకి వైరు మీదో డ్రైవు మీదో వెళ్లాలి. దీనికి ఎవరి దగ్గర ఏముందో, ఎక్కడ తేడా కొడుతుందో ఇక్కడే రాయండి.

గుణుపురం – నెట్‌వర్క్
అక్కా, దించే పని 300 ఎంబీపీఎస్ ఫైబర్ ఉన్న ఇంట్లో పెట్టుకుందాం. అక్కడైతే 100 జీబీ ముప్పావు గంటలో దిగాలి. దిగాలి అంటున్నాను గాని, చాలా ఇళ్లలో దిగదు. కారణాలు ఈ వరసలో చూసుకోండి.

మొదటిది రూటర్ వెనక పోర్టు. నెట్ వాళ్లు బిగించే చవక డబ్బాల్లో చాలావాటికి ఒక్క పోర్టే గిగాబిట్ (1000 ఎంబీపీఎస్), మిగతావి 100 ఎంబీపీఎస్‌వి. పోర్టు పక్కన జీఈ అని ఉంటే గిగాబిట్, ఎఫ్ఈ అని ఉంటే 100. కన్సోల్ వైరు జీఈలోనే పెట్టాలి.

రెండోది వైరు. ఇది ఎవరూ చూడరు, ఎక్కువ దెబ్బ ఇక్కడే. గిగాబిట్‌కి లోపలి ఎనిమిది తీగలూ కావాలి. మన ఊళ్లలో చేత్తో క్రింప్ చేసిన (ప్లగ్గు బిగించిన) వాటిలో నాలుగు తీగలే, అంటే 1, 2, 3, 6 పిన్‌లకే వేసి వదిలేసినవి బోలెడు. అవి 100 ఎంబీపీఎస్ దగ్గర ఆగిపోతాయి, నెట్ మాత్రం బాగానే వస్తున్నట్టు కనిపిస్తుంది. పారదర్శకంగా ఉండే ప్లగ్గుని వెలుతురుకి పట్టి చూడండి. క్లిప్పు కిందికి పెట్టి, వైరు మీ వైపు ఉండేలా పట్టుకుంటే ఎడమ నుంచి: తెలుపు-నారింజ, నారింజ, తెలుపు-ఆకుపచ్చ, నీలం, తెలుపు-నీలం, ఆకుపచ్చ, తెలుపు-గోధుమ, గోధుమ. ఎనిమిదీ చివరిదాకా వెళ్లి ఆగాలి. నీలం జత, గోధుమ జత లేకపోతే ఆ వైరు మనకి పనికిరాదు.

కన్సోల్‌లో నెట్ టెస్ట్ పెట్టినప్పుడు 300 ప్లాన్ మీద ప్రతిసారీ 93, 94, 95 దగ్గరే కనిపిస్తుంటే వేరే అనుమానం అక్కర్లేదు. పోర్టో వైరో 100 మీద ఉంది. అంకె పైకీ కిందికీ ఊగుతుంటే అది వైఫై గోల, లేదా ఇంట్లో ఇంకెవరో వీడియో చూస్తున్నారు.

వైరు లాగే వీలు లేకపోతే 5 గిగాహెర్ట్జ్ వైఫై, రూటర్ ఉన్న గదిలోనే. 2.4 మీద ఇరుగుపొరుగు రూటర్లన్నీ 1, 6, 11 ఛానెళ్లలోనే కొట్టుకుంటుంటాయి.

ఇంకొకటి. దిగుతున్నంతసేపూ ఆ మెషిన్ మీద ఏ గేమూ తెరిచి ఉండకూడదు. ఎక్స్‌బాక్స్ అయితే గేము నడుస్తుండగా డౌన్‌లోడ్‌ని బాగా తగ్గించేస్తుంది. డౌన్‌లోడ్ క్యూలో వేగం పక్కనే గేముని ఆపే బటన్ కూడా అందుకే పెట్టారు. హోమ్ స్క్రీన్‌కి వస్తే చాలదు, వెనకాల గేము బతికే ఉంటుంది. మెనూ బటన్ నొక్కి క్విట్ కొట్టాలి. ప్లేస్టేషన్‌లో కూడా క్లోజ్ గేమ్ చేసే దించండి.

జయపురం – ఎక్స్‌బాక్స్
తమ్ముడు చెప్పింది నిజం. డీఎన్‌ఎస్ మార్చితే వేగం పెరుగుతుందని రెండు ఫోన్లు వచ్చాయి నాకు. దాని మీద టైమ్ పాడుచేసుకోకండి. డీఎన్‌ఎస్ పని చిరునామా వెతికిపెట్టడమే, సరుకు దాని గుండా రాదు. కొన్నిసార్లు వేరే డీఎన్‌ఎస్ వల్ల దూరంగా ఉన్న సర్వర్ తగిలి ఇంకా నెమ్మదిస్తుంది కూడా.

మా నాలుగింటికి నెట్‌వర్క్ ట్రాన్స్‌ఫర్ వాడదాం. ఒకదాంట్లో గేము పూర్తిగా దిగాక, అందులో సెట్టింగ్స్, సిస్టమ్, బ్యాకప్ అండ్ ట్రాన్స్‌ఫర్, నెట్‌వర్క్ ట్రాన్స్‌ఫర్‌లోకి వెళ్లి ‘అలౌ’ టిక్ పెట్టాలి. రెండో మెషిన్‌లో అదే చోటికి వెళ్తే మొదటిది పేరుతో కనిపిస్తుంది. దాన్ని ఎంచి గేములు టిక్ పెట్టుకోవడమే. రెండూ ఆన్‌లో, ఒకే నెట్‌వర్క్‌లో ఉండాలి. గిగాబిట్ నెట్‌వర్క్ స్విచ్ (వైర్లన్నీ కలిపే డబ్బా, నింటెండోది కాదు) మీద 100 జీబీకి పావుగంట నుంచి ఇరవై నిమిషాలు. ముగ్గురూ ఒకేసారి ఒకదాన్నే లాగితే ఆ వైరే మూడు వాటాలవుతుంది. అందుకని ఒకటి నుంచి రెండోదానికి, తర్వాత ఆ రెండూ చెరొకదానికి పంపితే రెండు విడతల్లో అయిపోతుంది.

సిరీస్ ఎస్‌లో 512 జీబీ అని రాసి ఉన్నా గేములకి మిగిలేది 364 జీబీ. అంటే పెద్ద గేములు మూడు. ఏం కావాలో ముందే తేల్చండి.

అసలు చిక్కు ఇంకోటి ఉంది. ఫైలు కాపీ అయితే గేము ఆడే హక్కు కాపీ అవదు. సిరీస్ ఎస్‌కి డిస్క్ పెట్టే చోటే లేదు. మండపంలో నెట్ లేకుండా గేము తెరుచుకోవాలంటే, కొన్నవాళ్ల అకౌంట్‌కి ఆ మెషిన్ ‘హోమ్ ఎక్స్‌బాక్స్’ అయి ఉండాలి. ఒక అకౌంట్‌కి హోమ్ ఒక్కటే, ఏడాదికి ఐదుసార్లే మార్చనిస్తారు. సంబరాల కోసమని ఎవరిదీ మార్చొద్దు. ఏ మెషిన్ ఎవరిదో ఆ ఇంటివాళ్లు కొన్న గేములే అందులో పెడదాం.

రాయగడ – ఆటల గది
మరి ప్లేస్టేషన్‌కి? అక్కడ డిస్కులున్నాయి కదా. క్రికెట్ 24 రెండిళ్లలోనూ ఉంది.

గుణుపురం – నెట్‌వర్క్
డిస్క్ ఉంటే హక్కు గొడవ లేదు, ఆడేటప్పుడు డిస్క్ లోపల ఉంటే చాలు. కాని డిస్క్ నుంచి ఎక్కించాక ప్యాచ్ (గేముకి తర్వాత వచ్చిన మార్పుల ఫైలు) నెట్ నుంచి దిగాలి. అది కొన్ని గేములకి డిస్కులో ఉన్నదానికి సమానంగా ఉంటుంది. అందుకే రాయగడ మెషిన్‌లో డిస్క్ పెట్టి, ప్యాచ్‌తో సహా పూర్తి చేసి, యూఎస్‌బీ డ్రైవు మీద మా మెషిన్‌కి తెద్దాం.

డ్రైవు కనీసం 250 జీబీ, 5 జీబీపీఎస్ యూఎస్‌బీ రకం. ప్లేస్టేషన్ దాన్ని మొదటిసారి ఫార్మాట్ చేస్తుంది, అందులో ఉన్న పెళ్లి ఫొటోలు అన్నీ పోతాయి. ఖాళీ డ్రైవే ఇవ్వండి. హబ్ మీద పెట్టొద్దు, నేరుగా పెట్టాలి. మొదటి మోడల్ పీఎస్ 5 ముందు వైపున్న వెడల్పు యూఎస్‌బీ పోర్టు పాత 2.0 వేగానిది, వెనక ఉన్న రెండూ మంచివి. వెనకే పెట్టండి. హార్డ్ డిస్క్ అయితే 100 జీబీకి పావుగంట దాటుతుంది, ఎస్‌ఎస్‌డీ అయితే ఐదు నిమిషాల పైమాట.

పీఎస్ 5 గేము ఆ డ్రైవు మీంచి నడవదు, లోపలికి ఎక్కించాల్సిందే. పీఎస్ 4 గేములు మాత్రం డ్రైవు మీంచే నడుస్తాయి. సమయం మరీ తక్కువైతే ఇది గుర్తుంచుకోండి. ఎక్కించేటప్పుడు స్క్రీన్ మీద ‘మూవ్’ అని ఉందా ‘కాపీ’ అని ఉందా చూసి నొక్కండి. మూవ్ అయితే డ్రైవులోది ఖాళీ అవుతుంది.

డిస్కులు ఒకే ప్రాంతానివై ఉండాలి. ఒకరిది ఇక్కడ కొన్నది, ఇంకొకరిది దుబాయ్ నుంచి వచ్చింది అయితే మెషిన్ వాటిని రెండు వేరు గేములుగా చూడొచ్చు. అప్పుడు తెచ్చిన కాపీ ఆ డిస్కుకి అతకదు. డిస్కు అంచు మీద, డబ్బా వీపు మీద ఉన్న కోడ్ ఫొటో తీసి ఇక్కడ పెట్టండి, పోల్చి చెప్తాను.

బ్యాకప్ అండ్ రిస్టోర్‌తో మొత్తం ఎత్తేద్దాం అని ఎవరైనా అంటే వద్దు. రిస్టోర్ ఎదుటి మెషిన్‌లో ఉన్నదంతా తుడిచేస్తుంది. ఒకరి ఇంటి పిల్లలు ఆటలో ఎంతదాకా వచ్చారో దాచుకున్న సేవ్‌లు మనం పోగొట్టకూడదు.

జయపురం – ఎక్స్‌బాక్స్
పాత ల్యాప్‌టాప్ మీద లాన్‌క్యాష్ పెడితే ఎలా ఉంటుంది? ఒకసారి దిగినవి అందులో నిలవుంటాయి, తర్వాత అడిగిన మెషిన్లకి అక్కడి నుంచే వస్తాయి.

గుణుపురం – నెట్‌వర్క్
యాభై మెషిన్లుంటే పెట్టేవాణ్ణి అన్నా. ఆరింటికి డీఎన్‌ఎస్ దాని వైపు తిప్పడం, డిస్క్ చోటు చూడడం, అది సరిగ్గా పట్టిందో లేదో తేల్చుకోవడం, ఇదంతా ఒక సాయంత్రం తినేస్తుంది. మీ నెట్‌వర్క్ ట్రాన్స్‌ఫరే మేలు.

పర్లాకిమిడి – కరెంటు, స్విచ్‌లు
అమ్మా, తమ్ముళ్లూ, కరెంటు సంగతి నేను చూస్తాను. కాపీ మధ్యలో కరెంటు పోతే ఆ గేమూ పాడవుతుంది, ఒక్కోసారి డ్రైవు మొత్తం రిపేర్ అడుగుతుంది. దించే ఇంట్లో కన్సోల్‌తో పాటు రూటర్ కూడా యూపీఎస్ మీదే ఉండాలి. కన్సోల్ ఆన్‌లో ఉండి రూటర్ పోతే లాభమేటి? 1000 వీఏ యూపీఎస్ మీద ఒక కన్సోల్, ఒక టీవీ, రూటర్. అంతకన్నా ఎక్కించొద్దు. కరెంటు పోయి వచ్చాక పీఎస్ 5 తనే స్టోరేజ్ సరిచూసుకుంటుంది, మధ్యలో ఆపకండి. గేములు కనిపించకపోతే మెషిన్‌ని పూర్తిగా ఆపి, పవర్ బటన్ రెండో బీప్ దాకా నొక్కి పట్టి, సేఫ్ మోడ్‌లో రీబిల్డ్ డేటాబేస్ చెయ్యండి. పక్కనున్న రీసెట్ వరస జోలికి వెళ్లకండి.

రాత్రి దించుతూ పడుకునేవాళ్లు ప్లేస్టేషన్ పవర్ సేవింగ్‌లో రెస్ట్ మోడ్‌కి ‘స్టే కనెక్టెడ్ టు ది ఇంటర్నెట్’ వెయ్యాలి. లేకపోతే పొద్దున్నకి ఎక్కడిది అక్కడే ఉంటుంది.

ఇక వేడి. ప్లేస్టేషన్‌కి కంపెనీ చెప్పిన హద్దు 35 డిగ్రీలు. ఉగాది నాటికి మధ్యాహ్నం రేకుల కింద ఆ హద్దు దాటిపోతుంది. మెషిన్లు టీవీ వెనక గూట్లో దూర్చొద్దు, బల్ల మీద, చుట్టూ జానెడు ఖాళీతో పెట్టాలి.

స్విచ్‌లకి మీరు బెంగ పెట్టుకోనక్కర్లేదు. మారియో కార్ట్ 8 డీలక్స్ మూడింట్లోనూ ఉంది. కలిపి ఆడాలంటే మూడూ ఒకే వెర్షన్‌లో ఉండాలి. ఒకదాన్ని నెట్ మీద అప్‌డేట్ చేస్తాను. మిగతా రెండింట్లో గేము మీద ప్లస్ బటన్ నొక్కి, సాఫ్ట్‌వేర్ అప్‌డేట్‌లో ‘మ్యాచ్ వెర్షన్ విత్ లోకల్ యూజర్స్’ కొడితే పక్కదాని నుంచే తీసుకుంటాయి. నెట్ అక్కర్లేదు.

రాయగడ – ఆటల గది
కార్ల రేసు గేము గ్రాన్ టూరిస్మో 7 పెట్టమని పిల్లలు ఒకటే అడుగుతున్నారు.

గుణుపురం – నెట్‌వర్క్
వద్దక్కా. అందులో చాలా మోడ్లకి నెట్ తప్పనిసరి. 2022 మార్చిలో సర్వర్లు ముప్పై గంటలకి పైగా ఆగితే డిస్క్ చేతిలో ఉన్నవాళ్లు కూడా వాటిని ఆడలేకపోయారు. మండపం నెట్‌ని నమ్మి ఆ గేము పెట్టలేం. క్రికెట్ 24, ఫుట్‌బాల్ గేము ఎఫ్‌సీలో కిక్ ఆఫ్, రెండూ నెట్ లేకుండా ఇద్దరు ఆడుకోవచ్చు.

రాయగడ – ఆటల గది
సరే, అయితే ఇలా. ఈ ఆదివారంలోగా అందరూ ముందు కన్సోల్ సిస్టమ్ అప్‌డేట్ చేసి ఉంచండి. పాత సిస్టమ్ మీద కొత్త ప్యాచ్ తెరుచుకోదు. కంట్రోలర్లకి కూడా అప్‌డేట్ అడుగుతుంది, ఒక్కోదాన్ని కేబుల్ పెట్టి చేసెయ్యండి.

బుధవారం రాత్రి పది తర్వాత 300 ఎంబీపీఎస్ ఉన్న ఇంట్లో దించడం. గురువారం సాయంత్రం జయపురం మెషిన్లు నాలుగూ ఆ ఇంటికే వస్తాయి, ఎనిమిది పోర్టుల గిగాబిట్ స్విచ్ గుణుపురం తమ్ముడు తెస్తాడు, కొత్త వైర్లు ఐదు సంఘం ఖర్చు. శుక్రవారం ప్రతి గేమూ నెట్ తీసేసి ఒకసారి తెరిచి, మ్యాచ్ మొదలయ్యేదాకా వెళ్లి చూడాలి. హోమ్ స్క్రీన్ మీద బొమ్మ కనిపించిందని టిక్ పెట్టొద్దు. ఆ తర్వాత ఎక్స్‌బాక్స్‌లు ‘గో ఆఫ్‌లైన్’, ప్లేస్టేషన్లలో ఇంటర్నెట్ ఆఫ్. పండగ పొద్దున ఏదో కొత్త ప్యాచ్ వచ్చి అప్‌డేట్ చెయ్యమని అడగకుండా.

ప్రతి మెషిన్ మీదా చీటీ అంటిస్తాం: యజమాని ఊరు, అందులో ఉన్న గేములు, డిస్క్ కావాలా వద్దా. తెలుగులోనూ ఒడియాలోనూ. మన పిల్లల్లో సగం మందికి ఒడియా లిపే త్వరగా చదవడం వచ్చు.

పర్లాకిమిడి – కరెంటు, స్విచ్‌లు
చీటీ మీద అడాప్టర్, కేబుళ్ల లెక్క కూడా రాయమ్మా. సాయంత్రం సర్దేటప్పుడు హెచ్‌డీఎంఐ వైర్లే కలిసిపోతాయి. నేను రంగు టేపులు తెస్తున్నాను, జయపురానికి ఎరుపు, గుణుపురానికి పసుపు.