ఎల్4-ఎల్5 డిస్క్‌కి వెన్నులో స్టెరాయిడ్ సూది: వేయించుకున్నవాళ్లు కాస్త చెప్పండి

కూకట్‌పల్లి_కుర్రాడు:
అందరికీ నమస్తే. వయసు 34, సాఫ్ట్‌వేర్, రోజుకి పది గంటలు కుర్చీలోనే. నాలుగు నెలల కింద గ్యాస్ బండ జరుపుతుంటే నడుం పట్టేసింది. రెండ్రోజులు పడుకుంటే పోతుందిలే అనుకున్నా, పోలేదు సరికదా వారం తిరిగేసరికి నొప్పి నడుంలోంచి దిగి ఎడమ పిర్ర, తొడ, పిక్క మీదుగా బొటనవేలి దాకా జివ్వున లాగడం మొదలైంది. నడుం కింది భాగంలో ఎల్4, ఎల్5 అనే పూసల మధ్య మెత్తలా ఉండే డిస్క్ జారి నరాన్ని నొక్కుతోందని ఎమ్మారైలో వచ్చింది. మాత్రలు, ఫిజియో అన్నీ అయ్యాయి. ఇప్పుడు డాక్టరు వెన్నులో స్టెరాయిడ్ ఇంజెక్షన్ అంటున్నారు. మా అమ్మేమో "వెన్నులో సూదా, కాళ్లు పడిపోతాయిరా" అని ఒకటే గొడవ. నాకూ టెన్షన్‌గానే ఉంది.

లారీ_బాబాయ్:
తమ్ముడూ, నేను రెండుసార్లు వేయించుకున్నా, ఇంకా లారీ నడుపుతున్నా, అమ్మకి ఆ మాట చెప్పు. బోర్లా పడుకోబెట్టి పొట్ట కింద దిండు పెడతారు, పైన సీ-ఆర్మ్ అని ఎక్స్‌రే మిషను తిరుగుతుంటుంది, తెరమీద చూసుకుంటూ సూది దించుతారు. ముందు చర్మానికి మత్తిస్తారు కాబట్టి గుచ్చడం పెద్ద లెక్క కాదు, మందు లోపలికి వెళ్లేటప్పుడు మాత్రం అదే పాత నొప్పి కాలంతా పాకుతుంది. డాక్టరు "రోజూ వచ్చే నొప్పి ఇదేనా?" అన్నాడు, నేను పళ్లు కొరుక్కుంటూ ఇదే ఇదే అన్నా. ఇరవై నిమిషాల పని, సాయంత్రానికి ఇల్లు.
అసలు సంగతి తర్వాత. ఆ రాత్రి నొప్పి చుక్క లేదు, మా ఆవిడకి ఫోన్ చేసి పాయసం వండమన్నా. తెల్లారేసరికి మళ్లీ మొదలు. డబ్బులు దండగ అయ్యాయని తిట్టుకుంటుంటే ఆరో రోజునుంచి తగ్గింది. మత్తు మందు కొన్ని గంటలే పనిచేస్తుందట, స్టెరాయిడ్ పట్టుకోవడానికి రోజులు పడుతుందట, ఆ ముక్క ముందే చెప్తే ఏం పోయింది?

కూకట్‌పల్లి_కుర్రాడు:
ఎన్నాళ్లు పనిచేసింది బాబాయ్?

లారీ_బాబాయ్:
మొదటిది అయిదు నెలలు. నొప్పి పోయిందిగా అని రెండో వారంలోనే సిమెంటు లోడు ఎక్కించా, ఒక్క కసరత్తు చేస్తే ఒట్టు. రెండోది మూడు వారాలు కూడా ఆగలేదు.

వరంగల్_వదిన:
ఇంట్లో షుగర్ ఉన్నవాళ్లుంటే ఇది చదవండి. మా మామయ్యకు 68 ఏళ్లు, పొద్దున పరగడుపున 140 దాకా ఉండే షుగర్ సూది వేయించిన మూడో రోజు 360 దాటింది. స్టెరాయిడ్ వల్ల పెరుగుతుందని అక్కడ ఒక్కరూ చెప్పలే. మందు డోసు మార్చుకుంటూ పది రోజులు రోజుకు నాలుగుసార్లు వేలు గుచ్చి చూసుకున్నం. ఇంకోటి, ఆయనకు స్టెంట్ ఉంది, రక్తం పలచబడే మాత్ర వేసుకుంటరు. అది ఆపకపోతే సూది పడ్డ చోట లోపల రక్తం గడ్డకట్టి నరాలను నొక్కొచ్చు, ఊరికే ఆపేస్తే గుండెకు ముప్పు. గుండె డాక్టర్ ఎన్ని రోజులంటే అన్ని రోజులే ఆపాలి, సొంతంగా వద్దు.
ఇంత చేసినా ఫలితం అంతంతే. ఆయనకు నాలుగడుగులు నడిస్తే కాళ్లు బరువెక్కుతయ్, కూచుంటే పోతది.

ఫిజియో_పిల్ల:
వదినా, మీరు చెప్పేది వెన్నులో నరాలు పోయే దారి సన్నబడటంలా ఉంది. దాంట్లో ఈ సూది అంతగా పనిచేయదు. 2014లో అమెరికాలో ఓ పెద్ద పరీక్ష చేశారు, స్టెరాయిడ్ కలిపిన మత్తు మందుకీ ఉత్త మత్తు మందుకీ ఆరు వారాల తర్వాత చెప్పుకోదగ్గ తేడా రాలేదు. ఉపయోగం ఎక్కువగా కనపడేది కుర్రాడన్నలాంటి వాళ్లకి, అంటే డిస్క్ జారి నొప్పి కాల్లోకి దిగినవాళ్లకి. కాల్లో ఏమీ లేకుండా నడుం మాత్రమే నొప్పంటే ఆశ తగ్గించుకోవాలి.
అన్నా, సూది డిస్క్‌ని వెనక్కి నెట్టదు. నరం చుట్టూ ఉన్న వాపుని తగ్గిస్తుంది, అంతే. జారిన ముక్కని చాలామందిలో శరీరమే నెలల మీద కరిగించుకుంటుంది, ఈలోపు నిద్రపోయి, నడిచి, కసరత్తు చేసుకునేలా నొప్పి తగ్గితే చాలు. బాబాయ్ గారు సిమెంటు ఎక్కించింది సరిగ్గా ఆ రోజుల్లోనే!

తెనాలి_తాతయ్య:
మా ఊళ్లో ఆర్‌ఎంపీ పిర్రకి వేసేవాడు, గంటలో లేచి పొలం వెళ్లేవాళ్లం. ఇదీ అదేనా? లేదంటే పుత్తూరు వెళ్లి కట్టు కట్టించుకోవచ్చుగా.

ఫిజియో_పిల్ల:
తాతగారూ, పుత్తూరు కట్టు విరిగిన ఎముకకి, ఇక్కడ విరిగిందేమీ లేదు. ఆర్‌ఎంపీ వేసింది చాలాసార్లు స్టెరాయిడే, కానీ అది ఒళ్లంతా పాకుతుంది. మాటిమాటికీ వేయిస్తే ఎముకలు గుల్లబారతాయి, షుగర్ వస్తుంది. వెన్నులో వేసేది నరం పక్కన పడుతుంది, దాన్నీ ఏడాదికి మూడు నాలుగు మించనివ్వరు.

డాలస్_చిన్నోడు:
ఇక్కడ ఇన్సూరెన్స్ వాళ్లు ఆరు వారాలు ఫిజియో చేశాకే ఒప్పుకున్నారు. నాకు రెండో రోజు లేచి కూర్చుంటే తల పగిలిపోయేది, పడుకుంటే మాయం. వెన్నుపాము చుట్టూ ఉండే పొరకి సూది తగిలి లోపలి నీరు కారిందన్నారు. చేతిలోంచి నా రక్తమే తీసి అక్కడ ఎక్కించారు, గంటల్లో లేచి తిరిగా. పడుకుంటే తగ్గే తలనొప్పి వస్తే ఓర్చుకోకుండా ఫోన్ చేయండి.
అమ్మగారి భయం గురించి కూడా. పక్షవాతం లాంటివి జరిగిన మాట నిజం, చాలా అరుదు. 2014లో ఎఫ్‌డీఏ, అంటే ఇక్కడ మందుల్ని నియంత్రించే ప్రభుత్వ సంస్థ, హెచ్చరించింది కూడా, మందులోని రేణువులు రక్తనాళంలో అడ్డుపడటం ఒక కారణమంటారు. అందుకే ముందు రంగు మందు వేసి సూది రక్తనాళంలో లేదని చూసుకుంటారు. డెక్సామెథసోన్ అనే రేణువుల్లేని స్టెరాయిడ్ వాడతారా అని అడగడంలో తప్పేం లేదు. 2012లో ఇక్కడ బూజు పట్టిన స్టెరాయిడ్ వల్ల మెదడు పొరల వాపుతో 60 మందికి పైగా పోయారు, అది మందు తయారుచేసిన చోట జరిగిన పాపం.

ఫిజియో_పిల్ల:
ఒకటి మర్చిపోయా. మూత్రం ఆగిపోయినా, తెలియకుండా పోతున్నా, కూర్చునే చోట మొద్దుబారినా, పాదం పైకి లేవకపోయినా సూది సంగతి పక్కనపెట్టి ఆ పూటే ఆసుపత్రికి వెళ్లండి. అక్కడ గంటలు లెక్క.

కూకట్‌పల్లి_కుర్రాడు:
గురువారం వేయించుకున్నా. రంగు మందు వేసి చూశారు, డెక్సామెథసోనే వాడారు. రెండు రాత్రులు నిద్ర పట్టలేదు, మొహం ఎర్రగా కందిపోయింది, అమ్మ దిష్టి తీసింది. ఇవాళ ఏడో రోజు, నడుం పట్టు అలాగే ఉంది గానీ కాల్లో లాగుడు సగానికి పైగా తగ్గింది, పిక్క మీద చెయ్యి వేయనిస్తున్నా.

లారీ_బాబాయ్:
గ్యాస్ బండ?

కూకట్‌పల్లి_కుర్రాడు:
తమ్ముడు మోస్తున్నాడు బాబాయ్.