ట్వైన్‌లో "కాలసరంగు" గేమ్: కొమ్మలు అదుపు తప్పుతున్నాయి, ఎలా కట్టాలి?

కథలసంచి:
తెలుగులో ఇంటరాక్టివ్ కథ కడుతున్నానండీ. వాడేది ట్వైన్ 2 (కొమ్మల కథలు కట్టే సాఫ్ట్‌వేర్), అందులో షుగర్‌క్యూబ్ ఫార్మాట్ (కథని గేముగా నడిపే పద్ధతి). నాయిక కాలసరంగు. చీలిన కాలాల మధ్య దారి చూసి జనాన్ని ఒక భవిష్యత్తు నుంచి ఇంకో దానికి దాటించడం ఆమె పని. ఎనిమిది చోట్ల రెండేసి దారులు పెట్టాలి. మూడో మలుపుకే మ్యాపు చిక్కుపడింది. ఆమె చీలిక దగ్గరికి తిరిగొచ్చినప్పుడు మొదటి దారిలో చూసింది గుర్తుండాలి, కానీ బ్యాక్ నొక్కితే అదీ చెరిగిపోతోంది. ముందున్న దారులు ఆమెకు ఎంతవరకు కనపడాలి?

రెల్లుపడవ:
ముందు లెక్క చూడండి. ఏ దారీ మళ్ళీ కలవకపోతే ఎనిమిది చీలికలకు 256 ముగింపులు, మొత్తం 511 పాసేజీలు (ఒక్కోసారి తెరమీద కనపడే కథ ముక్కలు). ఒక్కోటి 150 మాటలైనా 76,650 మాటలు రాయాలి. ఒకసారి ఆడినవారు చదివేది అందులో తొమ్మిది పాసేజీలే.

అందుకే చీలిన రెండు దారులనూ రెండేసి పాసేజీలు నడిపించి ఒక సంగమంలో కలపండి. తర్వాతి చీలిక అక్కడే మొదలవుతుంది. మొత్తం 40 పాసేజీలతో సరిపోతుంది. తేడా వేరియబుల్స్‌లో (గేము గుర్తుంచుకునే విలువల్లో) ఉండాలి: ఎవరు బతికారు, ఎవరికి మాటిచ్చింది. సంగమంలో వాటిని బట్టి రెండు మూడు వాక్యాలు మారితే చాలు. ఇలాంటివి ఐదారుకు మించితే అన్ని కలయికలూ పరీక్షించలేరు. ప్రతి చీలికా కనీసం ఒక వేరియబుల్‌ని మార్చాలి, అది తర్వాత కనీసం రెండు చోట్ల అక్కరకు రావాలి. లేకపోతే రెండోసారి ఆడేవారికి తమ ఎంపికకు విలువ లేదని తెలిసిపోతుంది. చివరి చీలికను మాత్రం కలపకండి.

జ్ఞాపకానికి రెండు ఆబ్జెక్టులు (ఒకే పేరు కింద ఉండే విలువల గుంపులు) పెట్టండి: ఒకటి లోకం, ఒకటి సరంగు. చీలికలో లోకానికి నకలు తీసి దాచండి. ఆమె తిరిగొస్తే ఆ నకలుని లోకంలో పెట్టండి, సరంగుని ముట్టుకోకండి. నకలుకి షుగర్‌క్యూబ్‌లోని క్లోన్ ఫంక్షనే (విడి కాపీ తీసేది) వాడాలి. మామూలుగా సెట్ చేస్తే ఆ పాసేజీలో రెండు పేర్లూ ఒకే ఆబ్జెక్టుని చూపిస్తాయి, అక్కడే లోకాన్ని మారిస్తే దాచిందీ మారిపోతుంది. బ్యాక్ బటన్ మొత్తం స్థితినే వెనక్కి తిప్పుతుంది కాబట్టి సరంగు జ్ఞాపకం కూడా పోతోంది. హిస్టరీ కంట్రోల్స్ (వెనక్కి, ముందుకి బటన్లు) ఆపేసి, "చీలికకు తిరిగి వెళ్ళు" అని మీ లింకు ఇవ్వండి. లోకానికి అది వెనక్కి, గేముకి మాత్రం ముందుకే.

తీరంగాలి:
ఎంత కనపడాలన్నదానికి తుపాను అంచనాలు చక్కటి నమూనా. యూరప్ వాతావరణ కేంద్రం ఒక కంట్రోల్ రన్‌తో (ఏ మార్పూ చేయని కంప్యూటర్ అంచనాతో) పాటు, ప్రారంభ స్థితిని కాస్త కాస్త మార్చి ఇంకో 50 నడుపుతుంది. ఒక్కో అంచనాలో తుపాను దారి ఒక గీత. దగ్గరి రోజుల్లో 51 గీతలూ దాదాపు ఒకటిగా పోతాయి, రోజులు గడిచేకొద్దీ విచ్చుకుంటాయి. మీ సరంగుకీ అలాగే రాబోయే పాసేజీ స్పష్టంగా, దాని తర్వాతిది పొడిపొడిగా, ఆపైన గీతల గుంపుగా చూపించండి.

ఆమె వృత్తిలో జరిగే పెద్ద తప్పూ ఇక్కడే దొరుకుతుంది. బంగాళాఖాతంలో తుపానుకి సగం గీతలు కోస్తాంధ్ర వైపు, సగం మలుపు తిరిగి బంగ్లాదేశ్ వైపు పోయాయనుకోండి. సగటు తీస్తే ఒడిశా వస్తుంది, ఒక్క గీత కూడా వెళ్ళని చోటు! కొత్త సరంగు సగటుని నమ్ముతుంది, ఆరితేరినది గుంపులను విడివిడిగా చదువుతుంది. శాతాలు తెరమీద పెట్టకండి. పెడితే ఆడేవారు కథ వదిలి పెద్ద అంకె నొక్కుతారు.

వత్తుపొల్లు:
తెలుగు సంగతులు కొన్ని. షుగర్‌క్యూబ్‌లో పాసేజీ పేర్లు తెలుగులో పెట్టొచ్చు, వేరియబుల్ పేర్లకు ఇంగ్లీషు అక్షరాలే కావాలి. ఒక్కో అక్షరం పడే టైప్‌రైటర్ ఎఫెక్ట్ వద్దు. అది కోడ్ పాయింట్ల (అక్షరంలోని విడి గుర్తుల) లెక్కన పోతే "క్ష్మి" లాంటివి ముక్కలై, పొల్లు ముందు కనపడి తర్వాత వత్తుగా మారుతుంది. వాక్యం వాక్యంగా చూపించండి. వత్తులు కింది వరుసకి తగలకుండా లైన్ హైట్ 1.7 దాకా పెంచండి.

కథలసంచి:
అందరికీ ధన్యవాదాలండీ. హార్లోకి (ట్వైన్‌లోని ఇంకో ఫార్మాట్‌కి) మారితే క్లోన్ గొడవ ఉండదా?

రెల్లుపడవ:
ఉండదు, హార్లో ఎప్పుడూ నకలే ఇస్తుంది. కానీ దాని అన్‌డూ బాణం కూడా వేరియబుల్స్‌ని వెనక్కి తిప్పుతుంది, అక్కడా దాన్ని దాచాల్సిందే. ఏదైనా మార్చేముందు ఆర్కైవ్ ఫైలు (మీ కథల బ్యాకప్) దించుకోండి. బ్రౌజర్‌లో ట్వైన్ వాడితే కథ ఆ బ్రౌజర్ నిల్వలోనే ఉంటుంది, డేటా క్లియర్ చేస్తే 40 పాసేజీలూ పోతాయి.